ఏ కళ అని కాదు, ఊరు ఎప్పుడు చెవి ఒగ్గుతుందో చూడండి

మీరు అడిగినది క్లుప్తంగా ఇది. పలమనేరు వైపు పల్లెల్లో పనిచేసే స్వచ్ఛంద సంస్థ మీది. బాల్యవివాహాలకు వ్యతిరేకంగా జానపద కళలతో ప్రచారం చేయాలనుకుంటున్నారు. బుర్రకథ, చెక్కభజన, వీధినాటకం, కోలాటాల్లో ఏది జనానికి బాగా చేరుతుందో తెలియాలి. అందరి చేతుల్లో ఫోన్లున్న ఈ కాలంలో ఇవి అసలు పనిచేస్తాయా అన్నది రెండో సందేహం.

పనిచేస్తాయి. మొహమాటానికి చెబుతున్న మాట కాదు. చిత్తూరు, తిరుపతి ప్రాంతాల్లో జాతరలు, మహాభారత ఉత్సవాలు, భజన బృందాల వెంట ఏళ్ళ తరబడి తిరిగాను. కళాకారులతో ప్రచార కార్యక్రమాలూ చేయించాను. జనం మనసుకు పట్టినవి చూశాను, ఊరు పట్టించుకోకుండా వదిలేసినవీ చూశాను. తేడా కళారూపంలో కనిపించలేదు. ఎప్పుడు, ఎక్కడ, ఎవరి నోట, ఎవరి ఎదుట అన్నదానిలో కనిపించింది. మన ఊళ్ళలో ఏ మాట ఎవరు అనవచ్చో, ఎవరి ముందు అనకూడదో ఒక కట్టుబాటు ఉంది. ఆ కట్టుబాటుకు జానపద కళ కొన్ని రోజులు సెలవు ఇస్తుంది. మామూలు రోజున నోరెత్తలేని మనిషి ఆ రోజు వేషం కట్టి, పాట అందుకొని, అందరూ వింటుండగా అనవలసింది అంటాడు. ఆ సెలవు ఏ రోజుల్లో, ఎవరికి దొరుకుతుందో తెలుసుకోవడమే మీ మొదటి పని. కళారూపం ఏదన్నది ఆ తర్వాత దానంతట అదే తేలుతుంది.

తిరుపతి గంగమ్మ జాతరతో మొదలుపెడతాను. మీ విషయానికి అంతకన్నా దగ్గరి కథ మన ప్రాంతంలో మరొకటి లేదు.

ఏటా మే నెలలో వారం రోజులకు పైగా జరిగే జాతర అది. కథ మీరు వినే ఉంటారు. తిరుపతి పక్కనున్న అవిలాలలో పుట్టిన ఆడబిడ్డ గంగమ్మ తిరుపతిలో కైకాల వారింట పెరిగింది. ఊరి మీద పెత్తనం చేసే పాలెగాడు ఈడొచ్చిన ఆడపిల్లలను, కొత్త పెళ్ళికూతుళ్ళను వదిలేవాడు కాదు. ఒకనాడు గంగమ్మ చెయ్యి పట్టుకోబోయాడు. ఆమె తన విశ్వరూపం చూపింది. వాడు పారిపోయి దాక్కున్నాడు. వాణ్ణి వెతకడానికి ఆమె రోజుకో వేషం కట్టి ఊరంతా తిరిగింది. చివరకు దొర వేషంలో వెళ్ళినప్పుడు, వచ్చినవాడు తనకన్నా పెద్ద దొర అనుకొని వాడు బయటికి వచ్చాడు. ఆమె వాడి తల నరికింది.

ఈ కథను ఊరు ఎలా చెప్పుకుంటుందో గమనించండి. వేదిక ఉండదు, మైకు ముందు నిలబడి చెప్పేవాడు ఉండడు. మంగళవారం రాత్రి చాటింపుతో మొదలవుతుంది. పొలిమేరల దగ్గర డప్పు కొట్టి జాతర వచ్చిందని చాటుతారు. ఆ క్షణం నుంచి జాతర ముగిసేదాకా ఊరివాళ్ళు రాత్రిపూట ఊరు దాటి ఉండకూడదు. ఒక్క చాటింపుతో ఇంత పెద్ద నగరం మళ్ళీ పొలిమేరలున్న ఊరు అవుతుంది. మరునాటి నుంచి వేషాలు. బైరాగి వేషానికి ఒళ్ళంతా తెల్లటి నామపు సుద్ద. బండ వేషానికి కుంకుమ. తోటి వేషానికి బొగ్గు పొడి. దొర వేషానికి గంధం, మెడలో నిమ్మకాయల దండ. తర్వాత మాతంగి, ఆపైన సున్నపు కుండల వేషం. సన్యాసి, ఊరి వెట్టి చేసే తోటి, ఊరిని ఏలే దొర, అందరూ ఒకే అమ్మవారి రూపాలుగా వీధుల్లో నడుస్తారు. మామూలుగా ఒకరి పక్కన ఒకరు కూర్చునే వీలులేని అంతస్తులు అవి.

కైకాల వంశంవాళ్ళు వేసే వేషం ఆచారం ప్రకారం అమ్మవారే. ఆ వేషం వీధిలోకి వస్తే గడపగడపకూ హారతి పడతారు. కానీ వేషం కట్టే హక్కు వాళ్ళకు మాత్రమే పరిమితం కాదు. మొక్కుకున్న వాళ్ళెవరైనా కట్టవచ్చు. ఆటో నడిపే అతను కడతాడు, కాలేజీ కుర్రాడు కడతాడు, ఏడాది నిండని బిడ్డకు బొగ్గు బొట్లు పెట్టి చంకనేసుకొని తల్లి గుడికి వస్తుంది. ఆడవేషం కట్టే రోజు ఏదైనా ఇంటి వసారాలో కాసేపు నిలబడి చూడండి. మీసం తీయని మగాడు అద్దం ముందు కదలకుండా నిలబడి ఉంటాడు. భార్య మోకాళ్ళ మీద కూర్చొని అతని చీర కుచ్చిళ్ళు ఒక్కొక్కటిగా సర్దుతుంటుంది. తల్లి సవరం బిగించి పూలు తురుముతుంది. చెల్లెలు తన గాజులే తీసి తొడుగుతుంది, అవి మణికట్టు దాటక సబ్బు నురగ రాస్తుంది. బయటికి వెళ్ళే ముందు భార్య పైట ఎలా పట్టుకోవాలో చూపుతుంది. ఆ అరగంటలో ఆ ఇంట్లో ఆడవాళ్ళు చెప్పినట్టు మగాడు వింటాడు. వీధిలోకి వెళ్ళాక చీరకట్టుతో జనం మధ్య నడవడం ఎలా ఉంటుందో అతని ఒంటికి తెలుస్తుంది. ఇంత మాట ఏ కరపత్రంలో రాయగలం?

వేషగాళ్ళు బూతులు తిడతారు. దాక్కున్నవాణ్ణి రెచ్చగొట్టి బయటికి రప్పించడానికి గంగమ్మ తిట్టిన తిట్లని చెబుతారు. బయటి నుంచి వచ్చినవాళ్ళకు అది మోటుగా తోస్తుంది, దాన్ని ఆపించాలని ఉత్తరాలు రాసేవాళ్ళూ ఉన్నారు. నేను వాళ్ళతో ఏకీభవించను. ఆడపిల్లల జోలికి వచ్చిన అధికారాన్ని నడిబజారులో తిట్టే హక్కును ఒక ఊరు తరతరాలుగా నిలబెట్టుకుంటూ వస్తోంది. ఆ హక్కు పోతే జాతరలో మిగిలేది అలంకారమే.

నాకు అన్నిటికన్నా గొప్పగా అనిపించేది మాతంగి వేషం. పాలెగాణ్ణి చంపాక గంగమ్మ ఆ రూపంలో వాడి భార్యను ఓదార్చడానికి వెళుతుందని కథ. వాడు దుర్మార్గుడే, కానీ వాడి ఇంట్లోనూ ఒక ఆడమనిషి ఉంది, ఆమె కన్నీళ్ళకూ లెక్క ఉంది అని ఈ కథ గుర్తుపెట్టుకుంది. చివరి రోజు తెల్లవారుజామున గుడి ముందు మట్టితో అమ్మవారి విశ్వరూపం నిలబెడతారు. పేరంటాలు వేషంలో ఉన్న వ్యక్తి ఆ విగ్రహానికి చెంప నరకడంతో జాతర ముగుస్తుంది. ఆ మట్టిని జనం ప్రసాదంగా తీసుకెళ్ళి ఇళ్ళలో దాచుకుంటారు. తిరుమల నుంచి అమ్మవారికి సారె వస్తుంది. ఏడుకొండల స్వామికి ఆమె చెల్లెలు. కొండ మీద పుట్టింటి హోదా, కొండ కింద బజారులో తిట్టే స్వేచ్ఛ రెండూ ఒకే దేవతకు ఉన్నాయి.

ఇక మీ ప్రచారానికి దీనితో ఏమి పని? జాతరలో స్టాలు పెట్టి మైకులో ఉపన్యాసం ఇవ్వమని నేను చెప్పడం లేదు. దయచేసి ఆ పని చేయకండి. ఆ రోజుల్లో ఊరు తన మాట తాను చెప్పుకుంటోంది, మధ్యలో మనం మాట్లాడకూడదు. మీ పల్లెల్లోనూ గంగ జాతరలు జరుగుతాయి, కుప్పంలో పెద్ద ఎత్తున జరుగుతుంది. జాతర ముగిశాక, జ్ఞాపకం ఇంకా వేడిగా ఉన్నప్పుడు, ఆడవాళ్ళతో కూర్చొని కథను వాళ్ళ చేతే చెప్పించండి. పదిహేనేళ్ళ పిల్ల చెయ్యి ఆమెను అడగకుండా పట్టుకోవడం ఈ కథలో ఎవరు చేసే పని అని ఒక్క ప్రశ్న వేయండి. జవాబు మీరు చెప్పవద్దు. కాసేపు నిశ్శబ్దంగా ఉంటారు, తర్వాత ఎవరో ఒక పెద్దావిడ మొదలుపెడుతుంది. ఆవిడ చెప్పే మాటే మీ ప్రచారానికి పల్లవి.

రెండోది, మీ ప్రాంతానికి మరింత అందుబాటులో ఉన్నది, భారత ఉత్సవం.

పాత చిత్తూరు జిల్లాలో ద్రౌపదీ ధర్మరాజుల గుళ్ళున్న ఊళ్ళు చాలా ఉన్నాయి. వేసవి రాగానే అక్కడ పద్దెనిమిది రోజులు మహాభారతం జరుగుతుంది. పగలు హరికథ, రాత్రి తెల్లవారేదాకా వీధినాటకం. పగలు విన్న ఘట్టాన్నే రాత్రి ఆడతారు. ఖర్చును ఉభయదారులు, అంటే ఒక్కో రోజు ఖర్చు (ఉభయం) పెట్టుకునేవాళ్ళు, పంచుకుంటారు. ఏ రోజు ఉభయం ఏ ఇంటిదో, ఏ వీధిదో ముందే ఖాయమై ఉంటుంది. కొన్ని ఊళ్ళలో తాతల కాలం నుంచీ అదే వరస. మూడు రాష్ట్రాల సరిహద్దు కాబట్టి కుప్పం, పలమనేరు వైపు ఆటల్లో తమిళ వీధినాటకమైన తెరుక్కూత్తు ఛాయలు, కన్నడ యాస కూడా వినిపిస్తాయి. చూసేవాళ్ళకు అది పరాయిగా అనిపించదు, వాళ్ళ ఇళ్ళలోనూ మాట అలాగే ఉంటుంది.

ఈ ఉత్సవంలో చూసేవాళ్ళకూ ఆడేవాళ్ళకూ మధ్య గీత ఎంత పలచనిదో అర్జున తపస్సు రోజున తెలుస్తుంది. మైదానంలో ఎత్తయిన మాను పాతుతారు. అర్జున వేషధారి పద్యం పాడుతూ ఒక్కో మెట్టే ఎక్కుతాడు. కింద పిల్లలు లేని ఆడవాళ్ళు స్నానం చేసి తడి చీరలతోనే మాను చుట్టూ సాగిలపడి ఉంటారు. పైకి చేరాక అతను నిమ్మకాయలు, విభూతి, పూలు విసురుతాడు. ఒక నిమ్మకాయ ఎవరి మీద పడుతుందో అని వేలమంది ఊపిరి బిగపట్టి చూస్తారు. పైనున్నది మొన్నటిదాకా మేస్త్రీ పని చేసుకున్న మనిషని అందరికీ తెలుసు, అయినా ఆ నిమ్మకాయను కొంగులో కట్టుకుంటారు. దుర్యోధన వధ రోజున ఊరి బయట మట్టితో భారీ దుర్యోధనుణ్ణి పడుకోబెట్టి కడతారు. భీముడు తొడ మీద గదతో కొడతాడు, ద్రౌపది అప్పటిదాకా విరబోసుకున్న జుట్టు ముడి వేసుకుంటుంది. ఆ సాయంత్రమే అగ్నిగుండం తొక్కుతారు.

మీకు కావలసిన ఘట్టం మాత్రం వీటికి ముందే వస్తుంది. వస్త్రాపహరణం రాత్రి. ద్రౌపది సభలో ఒక ప్రశ్న వేస్తుంది: ధర్మరాజు తనను తాను ఓడిపోయాక నన్ను పందెం ఒడ్డాడా, ముందే ఒడ్డాడా? తనను ఓడినవాడికి నన్ను ఒడ్డే హక్కు ఎక్కడిది? భీష్ముడికి జవాబు తోచదు. ధర్మం సూక్ష్మమైనది అని తప్పుకుంటాడు. నాటకాల్లో ఈ ఘట్టాన్ని సాగదీసి ఆడతారు, ఎందుకంటే ఆడవాళ్ళు ఎక్కువగా వచ్చే రాత్రుల్లో అది ఒకటి. పెద్దలందరూ కూర్చున్న సభలో, తన తలరాతను తనను అడగకుండా ఎవరో పందెం ఒడ్డితే, ఆ పిల్ల లేచి అడిగిన ప్రశ్న అది. బాల్యవివాహం గురించి దీనికన్నా సూటిగా ఎవరు అడగగలరు? మీరు కొత్త నాటకం రాయించనక్కరలేదు. ఆ ప్రశ్న దగ్గర ఆట ఒక్క క్షణం ఆగితే చాలు.

ఆగేది ఎలా అంటారా, దానికి ఈ కళల్లోనే చోటుంది. హరికథకుడికి పిట్టకథ ఉంది. ప్రధాన కథ ఆపి, ఊళ్ళో జరిగిందో జరగబోయేదో ఒక చిన్న కథగా చెప్పి, మళ్ళీ అసలు కథలోకి వెళతాడు. వీధినాటకంలో హాస్యగాడు ఉన్నాడు. రాజు ముందు నిలబడే ఊరి సంగతులు మాట్లాడతాడు, ప్రెసిడెంటును అంటాడు, కరెంటు బిల్లును అంటాడు. రాజుగారి చెవిలో చెప్పినట్టే చెప్పి ఊరి చెవిలో వేస్తాడు. తోలుబొమ్మలాటలో ఆ పని కేతిగాడు, బంగారక్క చేస్తారు. బుర్రకథలో కథకుడికి అటూ ఇటూ ఇద్దరు వంతలు (వంత పాడేవాళ్ళు) ఉంటే వారిలో ఒకరు హాస్యం, ఇంకొకరు రాజకీయం. ఈ పాత్రలను ఎవరూ ప్రచారం కోసం కనిపెట్టలేదు. అసలు కథ అందరికీ కంఠతా వచ్చు కాబట్టి జనం చెవులు కొత్త మాట కోసమే ఎదురుచూస్తుంటాయి. అందుకే ఈ మాటలు మరునాడు టీ కొట్టు దగ్గర మళ్ళీ వినిపిస్తాయి. మీ సందేశానికి తలుపు అక్కడుంది. గోడ పగలగొట్టనవసరం లేదు.

బుర్రకథ పేరు ఎత్తారు కాబట్టి ఒక మాట. వామపక్ష కళాకారుల సంస్థ ప్రజా నాట్యమండలి 1943లో ఏర్పడింది. షేక్ నాజర్ వంటి వాళ్ళు బుర్రకథను ఊరూరా తిప్పారు. ప్రభుత్వం నిషేధించేంత బలం దానికి వచ్చింది. అదే నాజర్‌కు 1986లో పద్మశ్రీ వచ్చింది. ఆ బలం తంబురా నుంచో గుమ్మెటల నుంచో రాలేదు. కథ చెప్పేవాడి ఆకలి, వినేవాడి ఆకలి ఒకటే కావడం వల్ల వచ్చింది. 1990ల మొదట్లో అక్షరాస్యతా ఉద్యమం కోసం ఊరూరా తిరిగి ఆడిపాడిన కళాజాతాలదీ అదే కథ. మన పక్క నెల్లూరు జిల్లా దూబగుంటలో ఆడవాళ్ళు చదువు నేర్చుకోవడానికి కూర్చొని, సారా గురించి మాట్లాడుకొని, 1992లో సారా కొట్లు మూయించే ఉద్యమం లేవదీశారు. 1993 అక్టోబరులో రాష్ట్రంలో సారా నిషేధం వచ్చింది. చదువుకోమని చెప్పడానికి వెళ్ళినవాళ్ళు సారా ఉద్యమం వస్తుందని అనుకోలేదు. మాట్లాడుకునే చోటు దొరికితే జనం తమకు కావలసిన మాటే ఎంచుకుంటారు. మీరు బాల్యవివాహం అని వెళితే, వాళ్ళు బడి దూరమని, బస్సు లేదని, తాగుబోతుల భయంతోనే తొందరగా పెళ్ళి చేస్తున్నామని చెప్పవచ్చు. దాన్ని దారి తప్పడం అనుకోవద్దు. అదే మీ అసలు సమాచారం.

దీనికి పూర్తిగా విరుద్ధమైనది, నేను పదేపదే చూసినది, ఇది: ఒక శాఖ నుంచి బృందానికి కాగితం మీద పాట వస్తుంది. పథకం పేరు, అధికారి పేరు, ఫోను నంబరు పాటలో ఇరికిస్తారు. బృందం మధ్యాహ్నం రెండు గంటలకు ఊళ్ళో దిగుతుంది, అప్పటికి ఆడవాళ్ళు చేలలో ఉంటారు. బడిపిల్లలను కూర్చోబెట్టి పాడిస్తారు. ఫోటో తీసి, సంతకం పెట్టించుకొని పక్క ఊరికి వెళతారు. కళాకారులను తప్పు పట్టలేం, రోజుకు ఇన్ని ఊళ్ళని లెక్క పెట్టి డబ్బిస్తే వాళ్ళు మాత్రం ఏమి చేస్తారు? అలాంటి కార్యక్రమం చూసి జానపద కళ పని అయిపోయిందని తీర్పు ఇవ్వడం అన్యాయం.

చెక్కభజన, కోలాటం గురించి: మన జిల్లాల్లో వీటికి లోటు లేదు. కోలాటంలో ఇప్పుడు ఎక్కువగా ఆడవాళ్ళే ఉన్నారు, తిరుమల బ్రహ్మోత్సవాల్లో వాహనం ముందు ఆడే అవకాశం కోసం ఊరూరా బృందాలు సాధన చేస్తున్నాయి. ఇవి సందేశం చెప్పడానికి అంత అనువు కావని నా అభిప్రాయం. వాటి బలం లయలో, కలిసి అడుగు వేయడంలో ఉంది. మాట అందులో మునిగిపోతుంది. అయితే బృందం ప్రతి సాయంత్రం సాధనకు కలుస్తుంది. ఆ సాధనకు ముందు, తర్వాత వాళ్ళు అరుగు మీద కూర్చునే సమయం మీకు విలువైనది. అక్కడికి వెళ్ళండి.

మీ జాబితాలో లేని ఒక కళ ఉంది. పెళ్ళిపాటలు. నలుగు పెట్టేటప్పుడు, తలంబ్రాలప్పుడు, అప్పగింతలప్పుడు ఆడవాళ్ళు పాడే పాటలు. అప్పగింతల పాటలో తల్లి ఏమంటుంది? పిల్ల చిన్నది, పని తెలియదు, తప్పు చేస్తే కడుపులో పెట్టుకోండి అని అత్తగారికి చెప్పుకుంటుంది. పెళ్ళి పందిట్లో, మగపెళ్ళివారి ఎదుట, వినయం చాటున ఒక తల్లి తన భయం మొత్తం చెప్పేస్తుంది. తెలుగు ఇళ్ళలో బాల్యవివాహపు బాధను ఆడవాళ్ళు ఎప్పటి నుంచో ఈ పాటల్లోనే చెప్పుకుంటున్నారు. మీరు ఒక పల్లెలో పెద్దవాళ్ళను కూర్చోబెట్టి ఈ పాటలు పాడించండి, పాడిన తర్వాత వాళ్ళకు పెళ్ళి అయినప్పుడు ఎన్నేళ్ళో అడగండి. పక్కన వాళ్ళ మనవరాళ్ళను కూర్చోబెట్టండి. ఏ బుర్రకథ చేయలేని పని ఆ గంటలో జరుగుతుంది. కావాలంటే ఆ పాటలకే ఒక కొత్త చరణం వాళ్ళే కడతారు. మన ప్రాంతానికి అది కొత్తేమీ కాదు. అన్నమయ్య పదిహేనో శతాబ్దంలో ఈ తిరుపతిలోనే ఆడవాళ్ళ గొబ్బిపాటల వరసను, సువ్విపాటల వరసను, లాలిని, జాజరను తీసుకొని స్వామికి పదాలు కట్టాడు. అంత పెద్ద పండితుడు జనం నోట్లో ఉన్న బాణీ దగ్గరికి తానే వెళ్ళాడు.

శ్రీకాళహస్తి కలంకారీ గురించి మీరు అడగలేదు, కానీ బొమ్మలతో చార్టులు వేయించాలని ఉందని రాశారు కాబట్టి చెబుతున్నాను. కలంకారీ ఉన్నదే కథ చెప్పడానికి. మధ్యలో పెద్ద బొమ్మ, చుట్టూ వరసలుగా చిన్న గడులు, గడికి పైనో కిందో తెలుగు అక్షరాల్లో ఘట్టం. చదువు వచ్చినవాడు చదువుతాడు, రానివాడు బొమ్మ చూసి చెబుతాడు. ఇద్దరూ ఒకే తెర ముందు నిలబడతారు. కరక్కాయ, పాలలో నానబెట్టిన గుడ్డ మీద కాల్చిన చింతపుల్లతో గీసి, తుప్పు ఇనుము, బెల్లం ఊరవేసిన నల్లరంగుతో వెదురు కలంతో గీతలు దిద్దుతారు. తర్వాత రంగు తరువాత రంగు, ప్రతిసారీ పారే నీళ్ళలో ఉతకడం. 1957లో చేతివృత్తుల కోసం పాటుపడిన కమలాదేవి ఛటోపాధ్యాయ పూనికతో అక్కడ శిక్షణ కేంద్రం రాకపోతే ఆ చేతిపని దాదాపు మరుగున పడేది. అక్కడి కలంకారీ కళాకారుడు జొన్నలగడ్డ గురప్పచెట్టికి 2008లో పద్మశ్రీ ఇచ్చారు. ఇంత శ్రమతో వచ్చేదాన్ని నినాదాల బ్యానరుగా మార్చకండి. గడుల వరస పద్ధతిని మాత్రం తీసుకోండి. ఒక పిల్ల కథను పన్నెండు గడుల్లో మీ ఊరి పిల్లల చేతే మామూలు గుడ్డ మీద గీయించండి. చివరి గడి ఖాళీగా వదలండి. ఆ గడి గురించి జరిగే వాదనే మీకు కావలసినది.

ఇక అసలు జాగ్రత్త. జానపద కళ సమాజపు గొంతు అనగానే అందులో అంతా మేలే ఉంటుందనుకోవడం పొరపాటు. ఆ గొంతులో పెత్తనం కూడా పలుకుతుంది. మన జిల్లాల్లో మాతమ్మ ఆచారం ఉంది. దళిత కుటుంబాల ఆడపిల్లలను చిన్నప్పుడే మాతమ్మ అనే గ్రామదేవతకు వదిలి, జాతరల్లో ఆడించి, పెళ్ళి లేకుండా చేసి, ఊరి మగవాళ్ళకు బలిచేసిన ఆచారం. 1988లోనే దీన్ని నిషేధిస్తూ రాష్ట్రంలో చట్టం వచ్చింది. అయినా పూర్తిగా పోలేదు, 2017లో జాతీయ మానవ హక్కుల కమిషన్ జోక్యం చేసుకోవలసి వచ్చింది. జాతరలో డప్పు కొట్టేది ఎవరు, హారతి అందుకునేది ఎవరు అన్నదీ కులమే నిర్ణయిస్తుంది. డప్పు లేకుండా అమ్మవారు కదలదు, డప్పు కొట్టేవాడు మాత్రం చాలా ఊళ్ళలో గుడి బయటే నిలబడాలి. మీరు ఏ బృందాన్ని పిలిచినా వాళ్ళు ఎక్కడ కూర్చుంటారు, ఏ గ్లాసులో నీళ్ళిస్తారు అన్నది ముందే మాట్లాడుకోండి. బాల్యవివాహం గురించి పాడే బృందం చెట్టు కింద విడిగా అన్నం తింటుంటే ఊరికి ఏ సందేశం అందుతుందో వేరే చెప్పనక్కరలేదు.

ఫోన్ల మాటకు వస్తున్నాను. ఫోను ఈ కళలకు శత్రువు అని నేను అనుకోవడం లేదు. ఇప్పుడు గంగమ్మ వేషాలు వీడియోల్లో కనిపిస్తున్నాయి, ఊరు వదిలి బెంగళూరులో, చెన్నైలో ఉన్నవాళ్ళు అవి చూసి సెలవు పెట్టి వస్తున్నారు. భారత ఉత్సవం ఏ రోజు ఏ ఘట్టమో వాట్సాప్ గ్రూపులో తిరుగుతుంది. సంక్రాంతికి చంద్రగిరి వైపు రంగంపేటలో పశువుల కొమ్ములకు కట్టే పలకల మీద దేవుళ్ళ పక్కనే నాయకులు, సినిమా హీరోలు వచ్చి చాలా కాలమైంది. కళ ఎప్పుడూ తన కాలపు బొమ్మను పక్కన పెట్టుకుంటూనే ఉంది. ఫోను ఇవ్వలేనిది ఒక్కటే. నేను విన్నది నా పక్కింటివాళ్ళూ విన్నారని, వాళ్ళు విన్నట్టు నాకు తెలుసని, నాకు తెలుసని వాళ్ళకూ తెలుసని. బాల్యవివాహం ఆగాలంటే ఇది తప్పనిసరి. ప్రతి తండ్రికీ ఆడపిల్లకు పద్దెనిమిది నిండాలని చట్టం తెలుసు. అయినా నలుగురూ ఏమనుకుంటారో అన్న భయంతో తొందరపడతాడు. ఆ నలుగురూ ఒకే రాత్రి ఒకే మైదానంలో కూర్చొని ద్రౌపది ప్రశ్న వింటే, మరునాడు అతను ఆగడానికి ఒక సాకు దొరుకుతుంది.

పని మొదలుపెట్టే పద్ధతి చెబుతాను. మీ మండలంలో భారతం జరిగే ఊళ్ళ జాబితా తీసుకోండి, గుడి ధర్మకర్తలను, ఉభయదారులను కలవండి. వస్త్రాపహరణం రోజు ఉభయం ఎవరిదో కనుక్కొని ఆ ఇంటి ఆడవాళ్ళతో మాట్లాడండి. వాళ్ళు ఒప్పుకుంటే ఊరు ఒప్పుకున్నట్టే. తర్వాత నాటకం గురువును, హరికథ భాగవతారును కలవండి. పాట రాసి ఇవ్వకండి, పరిస్థితి చెప్పండి. మీ మండలంలో పోయిన ఏడాది ఏ వయసులో పిల్లలు బడి మానేశారో, ప్రసవంలో ఏ ఇబ్బందులు వచ్చాయో పేర్లు లేకుండా చెప్పండి. పిట్టకథ ఎలా కట్టాలో వాళ్ళకు మీకన్నా బాగా తెలుసు. బాధలో ఉన్న పిల్ల ఎవరికి చెప్పుకోవాలో, పిల్లల సాయానికున్న 1098 నంబరుకు ఫోను చేస్తే ఎవరు వస్తారో హాస్యగాడి నోట రెండుసార్లు వస్తే చాలు. నిజంగా జరిగిన ఏ ఇంటి కథనూ గుర్తుపట్టేలా ఆడించవద్దు, ఆ పిల్ల అదే ఊళ్ళో బతకాలి.

డబ్బు గురించి మొహమాటపడకండి. తెల్లవార్లూ ఆడే మనిషికి ఒక రాత్రి ఆటకు ఇచ్చేది, అతను ఆ రోజు వదులుకున్న కూలి, ప్రయాణం, మేకప్ సామాను, అన్నీ కలిపి లెక్క వేయండి. సన్మానం, శాలువా అదనం, అవి పారితోషికానికి బదులు కావు. రికార్డు చేస్తే వాళ్ళ అనుమతి తీసుకోండి, ఒక ప్రతి వాళ్ళకూ ఇవ్వండి. కుప్పంలో ద్రావిడ విశ్వవిద్యాలయం 1997 నుంచి ఉంది, జానపద విజ్ఞానం చదివే విద్యార్థులు అక్కడ దొరుకుతారు. పాటలు రాసిపెట్టడానికి వాళ్ళ సాయం అడగండి. 2022లో జిల్లాలు విడిపోయాక కళాకారుల గుర్తింపు కార్డుల పని ఏ జిల్లా ఆఫీసులో అవుతుందో తెలియక తిరుగుతున్నవాళ్ళు చాలామంది ఉన్నారు. మీ సంస్థ ఆ కాగితాల పని చేసిపెడితే ఏ పారితోషికమూ తేలేని నమ్మకం వస్తుంది.

వేసవి ఆటలు మొదలయ్యాక ఏ గురువుకూ తీరిక ఉండదు. సంక్రాంతి దాటగానే వెళ్ళండి, అప్పటికి ఆటలకు బయానాలు (ముందస్తు ఒప్పందాలు) పూర్తిగా అయిపోవు. ముందుగా ఒక్క ఊరితోనే చేయండి. ఆ ఊరి ఆట చూడటానికి పక్క ఊరి ఉభయదారులను మీరే పిలుచుకు రండి.